నేల పొరల చిత్రం, నీటిలోని డీఎన్‌ఏ: నెల్లూరు తీరంలో రెండింటినీ కలిపి పరిశీలించే పద్ధతి

నెల్లూరు, ప్రకాశం జిల్లాల తీర మండలాలలో ఒక బోరు నీరు తియ్యగా ఉండి, నాలుగు కయ్యల అవతలి బోరు ఉప్పగా మారడం రైతులకు తెలిసిన సంగతే. ఎందుకిలా అని అడిగితే మూడు రకాల సమాధానాలు వస్తాయి. సముద్రం నేల అడుగున లోపలికి వచ్చిందని కొందరు, రొయ్యల గుంటల ఉప్పునీరు పైనుంచి ఇంకిందని కొందరు, అడుగున ఏనాటిదో ఉప్పు బంకమట్టి ఉందని మరికొందరు అంటారు. మూడూ సాధ్యమే, ఒకే ఊళ్లో మూడూ ఉండవచ్చు కూడా. చిక్కేమిటంటే, నేలలోకి కరెంటు పంపి తీసే భూగర్భ చిత్రంలో ఈ మూడూ దాదాపు ఒకే రంగులో కనిపిస్తాయి. ఆ రంగు వెనుక ఉన్న కారణాలను విడదీయడానికి నీటిలోని సూక్ష్మజీవుల డీఎన్‌ఏ ఎంతవరకు తోడ్పడుతుంది, అందుకు పనిని ఏ వరుసలో చేసుకోవాలి అన్నదే ఈ మార్గదర్శి విషయం. భూగర్భశాస్త్రం, సూక్ష్మజీవశాస్త్రం చదివే పీజీ విద్యార్థులు కలిసి చేయగల స్థాయిలోనే దీనిని రాస్తున్నాను.

రెండు శాస్త్రాలకు సంబంధం ఎక్కడ

హైదరాబాదులో ఉప్పల్ రోడ్డు మీద జాతీయ భూభౌతిక పరిశోధన సంస్థ, కణ, అణు జీవశాస్త్ర పరిశోధన కేంద్రమైన సీసీఎంబీ పొరుగుపొరుగునే ఉన్నాయి. మన కళాశాలల్లో మాత్రం నేలలో ఎలక్ట్రోడ్లు పాతి చిత్రం తీసేవారికీ, పీసీఆర్ (డీఎన్‌ఏ ప్రతులను పెంచే పద్ధతి) నడిపేవారికీ ఒకరి పని ఒకరికి పెద్దగా తెలియదు. నిజానికి ఈ రెండు పనులు రెండు విధాలుగా కలుస్తాయి.

మొదటిది సులువైనది. భూగర్భ చిత్రం నీటి నమూనాను ఎక్కడ, ఎంత లోతున తీయాలో చెబుతుంది. రెండవది లోతైనది. సూక్ష్మజీవులే నేల విద్యుత్ గుణాలను కొంతవరకు మారుస్తాయి. గాలి అందని బురదలో సల్ఫేటును క్షయీకరించే బ్యాక్టీరియా హైడ్రోజన్ సల్ఫైడును విడుదల చేస్తుంది. అది నేలలోని ఇనుముతో కలిసి నల్లటి ఐరన్ సల్ఫైడుగా మారుతుంది. రొయ్యల గుంట ఎండగట్టినప్పుడు అడుగున కనిపించే నల్ల బురద, కుళ్లిన గుడ్ల వాసన ఈ చర్య ఫలితాలే. ఆ సల్ఫైడు రేణువులు విద్యుదావేశాన్ని కొద్దిసేపు పట్టి ఉంచుతాయి కాబట్టి, ఇండ్యూస్డ్ పోలరైజేషన్ అనే కొలతలో వాటి జాడ తెలుస్తుంది. పెట్రోలియం ఇంకిన నేలల్లోనైతే సూక్ష్మజీవులు విడుదల చేసే ఆమ్లాలు ఖనిజాలను కరిగించి నీటిలో అయాన్లను పెంచుతాయి, దానితో ఆ పొర విద్యుత్తును ఇంకా బాగా పంపుతుంది. డెన్మార్కులోని ఆర్హస్ అఖాతం బురదలో సెంటీమీటర్ల దూరం ఎలక్ట్రాన్లను మోసే తీగలాంటి బ్యాక్టీరియాను 2012లో గుర్తించారు.

రెండు పద్ధతులనూ ఒకే చోట లోతుగా ప్రయోగించిన ప్రదేశాలలో అమెరికాలోని కొలరాడో రాష్ట్రపు రైఫిల్ ముఖ్యమైనది. పాత యురేనియం మిల్లు స్థలంలో భూగర్భజలానికి సూక్ష్మజీవుల ఆహారంగా ఎసిటేట్ అందించి, జియోబ్యాక్టర్ వంటి జీవుల ద్వారా యురేనియాన్ని కరగని రూపంలోకి మార్చే ప్రయత్నం అక్కడ జరిగింది. సల్ఫైడు ఏర్పడుతున్నప్పుడు విద్యుత్ సంకేతం ఎలా మారుతుందో కొలిచారు. అదే భూగర్భ జలపొర నీటి నుంచి, మట్టి నుంచి 2,540 సూక్ష్మజీవుల జీనోములను పునర్నిర్మించి 2016లో ప్రచురించారు.

అంతమాత్రాన కరెంటు పంపి బ్యాక్టీరియాను చూడవచ్చని అనుకోరాదు. మనం తీసే చిత్రంలో ఒక్కో గడి కొన్ని మీటర్ల వెడల్పు ఉంటుంది. ఉప్పునీరు ఉన్న చోట ఉప్పు ప్రభావం ముందు సూక్ష్మజీవుల ప్రభావం కనబడదు. అందుకే మన తీరంలో మొదటి విధమైన సంబంధాన్నే ఆధారం చేసుకోవాలి: చిత్రం చోటును చూపాలి, డీఎన్‌ఏ కారణాన్ని పరీక్షించాలి.

మొదటి అడుగు: ప్రశ్న, గీత

ముందుగా ఎలక్ట్రోడ్లను వరుసగా పాతడానికి ఒక గీత ఎంచుకోవాలి. ఉదాహరణకు ఇందుకూరుపేట మండలంలో మైపాడు తీరం నుంచి పడమరగా లోపలికి సాగే గీతను తీసుకోండి. తీరానికి లంబంగా ఉన్న గీత మీద సముద్రపు నీటి చొరబాటు బాగా తెలుస్తుంది. తీరానికి సమాంతరంగా వేస్తే చొరబాటు ఉన్నా అంతా ఒకేలా కనిపించి మోసం చేస్తుంది. ఇసుక దిబ్బలు, బకింగ్‌హామ్ కాలువ, రొయ్యల గుంటలు, వరి కయ్యలు వరుసగా తగిలేలా గీత ఉంటే మంచిది. కాలువ మీదుగా కేబుల్ లాగే ప్రయత్నం చేయకుండా ఇటొకటి, అటొకటిగా వేర్వేరు కొలతలు తీసుకోవాలి.

కాలం కూడా ముఖ్యమే. నెల్లూరు తీరానికి ప్రధానంగా వాన వచ్చేది అక్టోబరు నుంచి డిసెంబరు వరకు, ఈశాన్య రుతుపవనాలతో. కనుక మే నెలలో ఒకసారి, జనవరిలో మరొకసారి కొలిస్తే అత్యంత ఎండిన స్థితి, అత్యంత నిండిన స్థితి రెండూ దొరుకుతాయి. ఒక్కసారే చేయగలిగితే మే నెలను ఎంచుకోండి.

రెండవ అడుగు: ఉన్న బావుల జాబితా

పరికరం అద్దెకు తెచ్చే ముందే గీతకు ఇరువైపులా ఉన్న బోర్లు, ఫిల్టర్ పాయింట్లు (ఇసుకలో దించే లోతు తక్కువ గొట్టపు బావులు), దొరువులు (ఇసుకలో లోతు తక్కువగా తవ్విన నీటి గుంతలు) అన్నింటినీ తిరిగి చూడాలి. ఒక్కొక్కదానికి లోతు, కేసింగ్ ఎంతవరకు ఉంది, మోటారు రోజుకు ఎన్ని గంటలు నడుస్తుంది, చివరిసారి బ్లీచింగ్ పౌడర్ ఎప్పుడు వేశారు అన్న వివరాలు రాసుకోవాలి. చివరి ప్రశ్నను చాలామంది వదిలేస్తారు. ఈమధ్యే క్లోరిన్ వేసిన బావి నుంచి తీసిన డీఎన్‌ఏ ఆ పొర గురించి ఏమీ చెప్పదు కనుక అలాంటి బావిని జాబితా నుంచి తీసేయాలి.

విద్యుత్ వాహకత మీటరుతో ప్రతి బావి నీటినీ అక్కడికక్కడే కొలవాలి. విలువ 25 డిగ్రీల సెల్సియస్‌కు సరిచేసి ఉందో లేదో మీటరులో చూసుకోవాలి, ఎందుకంటే ఉష్ణోగ్రత ఒక డిగ్రీ మారితే వాహకత సుమారు 2 శాతం మారుతుంది. సముద్రపు నీటి వాహకత సెంటీమీటరుకు 50,000 మైక్రోసీమెన్ల దరిదాపుల్లో ఉంటుంది. మంచి దొరువు నీటిలో అది 1,000 లోపే ఉండవచ్చు.

దొరువుల గురించి ఒక మాట. తీరపు ఇసుక దిబ్బల్లో వాన నీరు ఉప్పునీటి మీద పలచని కటకంలా తేలి ఉంటుంది. సముద్రపు నీటి సాంద్రత మంచినీటి కంటే సుమారు 2.5 శాతం ఎక్కువ కాబట్టి, సముద్ర మట్టానికి పైన 1 మీటరు మంచినీరు నిలిచి ఉంటే కింద సుమారు 40 మీటర్ల మేర మంచినీరు ఉండగలదని గైబెన్-హెర్జ్‌బర్గ్ సూత్రం చెబుతుంది. అదే సూత్రాన్ని తిప్పి చూస్తే, మోటారుతో తోడి నీటి మట్టాన్ని అర మీటరు దించితే అడుగున ఉప్పునీరు 20 మీటర్లు పైకి రావడానికి దారి ఇచ్చినట్టే. లోతు తక్కువగా తవ్వి పైపై నీటిని మాత్రమే తోడుకునే దొరువు ఈ తీరానికి ఎందుకు సరిపోయిందో దీనినిబట్టి తెలుస్తుంది.

మూడవ అడుగు: చిత్రం తీయడం

రెండు ఎలక్ట్రోడ్ల ద్వారా కరెంటు పంపి, మరో రెండింటి మధ్య వోల్టేజిని కొలవడం ఈ పద్ధతికి మూలం. షలంబర్జర్ 1912లో ఫ్రాన్సులో ఇలాంటి ప్రయోగాలు మొదలుపెట్టాడు. వెన్నర్ 1915లో సమాన దూరాల అమరికను వివరించాడు. ఇప్పుడు 48 ఎలక్ట్రోడ్లను ఒకేసారి పాతి, ఏ నాలుగింటిని వాడాలో యంత్రమే మార్చుకుంటూ వందల కొలతలు తీస్తుంది. ఎలక్ట్రోడ్ల మధ్య దూరం 5 మీటర్లయితే మొత్తం పొడవు 235 మీటర్లు, వెన్నర్ అమరికలో అందే లోతు సుమారు 39 మీటర్లు. పైపొర ఉప్పగా ఉంటే కరెంటు అందులోనే పరుచుకుపోతుంది కాబట్టి ఆచరణలో అంత లోతు దొరకదు.

తీరంలో నేల అడ్డంగా పొరలు పొరలుగా ఉంటుంది, సంకేతం బలహీనంగా ఉంటుంది. అందుచేత వెన్నర్ అమరిక గానీ, వోల్టేజి ఎలక్ట్రోడ్లు మధ్యలో దగ్గరగా ఉండే షలంబర్జర్ అమరిక గానీ మేలు. నిలువు పగుళ్లను వెతికేటప్పుడు బాగా పనిచేసే, కరెంటు జతను వోల్టేజి జతకు ఎడంగా పెట్టే డైపోల్-డైపోల్ అమరిక ఉప్పునేలలో వినదగిన సంకేతాన్ని ఇవ్వలేక తడబడుతుంది.

ఎండు ఇసుకలో ఎలక్ట్రోడు చువ్వ పాతితే కరెంటు సరిగా దిగదు. సాధారణంగా చువ్వ మొదట్లో ఉప్పునీరు పోస్తారు. డీఎన్‌ఏ కోసం మట్టి తీయదలచుకున్న చోట మాత్రం అలా చేయరాదు; పక్కనున్న బావి నీటినే పోసి, మట్టి నమూనాను చువ్వకు కనీసం 2 మీటర్లు ఎడంగా తీయాలి. ఇది రెండు బృందాలూ ముందే మాట్లాడుకోవలసిన విషయం.

కొలతను చెడగొట్టేవి ఈ ప్రాంతంలో కొన్ని ప్రత్యేకంగా ఉన్నాయి. గుంటల చుట్టూ వేసిన ఇనుప కంచె కరెంటును తన వెంట లాక్కుపోతుంది. వనామి రకం రొయ్యల గుంటల్లో అడుగున పరిచే ప్లాస్టిక్ షీటు విద్యుత్తును పోనివ్వదు కనుక, షీటు ఉన్న గుంట పక్కగా వెళ్లే గీతలో లేని గట్టిపొర ఉన్నట్టు కనిపిస్తుంది. వ్యవసాయ ఫీడరుకు కరెంటు ఇచ్చే వేళల్లో మోటార్ల రొద కొలతల్లోకి చొరబడుతుంది. గీతను కంచెకూ గుంటకూ వీలైనంత దూరంగా వేసుకోవాలి, లేకపోతే వాటి స్థానాన్ని పటంలో గుర్తించాలి. మోటార్లు ఆగిన వేళ చూసుకుని కొలవాలి. చువ్వల్లో వందల వోల్టులు ఉంటాయి. పిల్లలు, పశువులు కేబుల్ దాటకుండా ఇద్దరు మనుషులు రెండు వైపులా నిలబడి తీరాలి. తడి కయ్యలో, వాన పడేటప్పుడు పని ఆపేయాలి.

ప్రతి కొలతనూ కనీసం మూడుసార్లు తీయించాలి. కొన్నింటిని కరెంటు ఎలక్ట్రోడ్లను వోల్టేజి ఎలక్ట్రోడ్లతో తారుమారు చేసి మళ్లీ కొలవాలి. రెండు విలువల మధ్య తేడా 5 శాతం దాటిన వాటిని పక్కన పెట్టవచ్చు. యంత్రానికి ఇండ్యూస్డ్ పోలరైజేషన్ సదుపాయం ఉంటే అదనపు సమయం పట్టినా తప్పక వాడండి. బంకమట్టిని ఉప్పునీటి నుంచి విడదీయడానికి భూభౌతిక శాస్త్రం వైపు నుంచి దొరికే సాయం అదే.

నాల్గవ అడుగు: చిత్రాన్ని చదవడం, చోట్లు ఎంచుకోవడం

పని అంతటికీ ఇదే గుండెకాయ. కొలతల నుంచి నేల చిత్రాన్ని వెనక్కి లెక్కగట్టే ప్రక్రియను ఇన్వర్షన్ అంటారు. రెసిపై, పైగిమ్లీ వంటి ఉచిత సాఫ్ట్‌వేర్లు అందుకు చాలు. ఒకే కొలతలకు సరిపోయే నేల చిత్రాలు అనేకం ఉంటాయని, సాఫ్ట్‌వేర్ వాటిలో నునుపైనదాన్ని మాత్రమే చూపిస్తుందని మరువరాదు. రెండు వేర్వేరు ప్రారంభ విలువలతో లెక్కను రెండుసార్లు నడపండి. రెండు చిత్రాలూ కలిసే లోతు వరకే నమ్మండి. అంతకు కింద ఉన్న రంగులు కొలత నుంచి వచ్చినవి కావు, మనం మొదట ఇచ్చిన విలువ నుంచి వచ్చినవి.

రంగును నీటి ఉప్పదనంగా మార్చడానికి ఆర్చీ 1942లో ఇచ్చిన సూత్రం ఉపయోగపడుతుంది. ఇసుకలో ఖాళీ 30 శాతం, ఆ సూత్రంలోని ఘాతాంకం 1.3 అనుకుంటే, నీటి విశిష్ట నిరోధం (కరెంటును ఎంతగా అడ్డుకుంటుందో తెలిపే కొలత) కంటే ఇసుక పొర విశిష్ట నిరోధం సుమారు 4.8 రెట్లు ఉంటుంది. వాహకత 1,000 మైక్రోసీమెన్లు ఉన్న నీటి విశిష్ట నిరోధం 10 ఓమ్-మీటర్లు. అది నిండిన ఇసుక 48 ఓమ్-మీటర్లు చూపాలి. వాహకత 20,000 అయితే ఆ ఇసుక సుమారు 2.4 ఓమ్-మీటర్లకు పడిపోతుంది. మీ బావుల్లో కొలిచిన విలువలు చిత్రంతో ఇలా పొసుగుతున్నాయో లేదో ఒక్కొక్కటిగా సరిచూడాలి. బావి నీరు తియ్యగా ఉండి, అదే లోతున చిత్రం 5 ఓమ్-మీటర్లు చూపితే అక్కడ బంకమట్టి ఉందని అనుమానించాలి. ఆర్చీ సూత్రం బంకమట్టి లేని ఇసుకకే వర్తిస్తుంది. బంకమట్టి తానుగా కూడా కరెంటును మోస్తుంది.

తర్వాత ఆకారాన్ని చూడాలి. సముద్రపు నీరు అడుగు నుంచి చీలిక ఆకారంలో వస్తుంది, సముద్రం వైపు మందంగా, లోపలికి పోయేకొద్దీ సన్నంగా ఉంటుంది. గుంట ఊట పైనుంచి కిందికి దిగుతుంది, గుంట కిందే మందంగా ఉంటుంది. బంకమట్టి పలకలా పరుచుకుని ఉంటుంది. కాగితం మీద ఇది స్పష్టంగానే ఉంది. క్షేత్రంలో మాత్రం గుంటలు తీరానికి దగ్గరగానే ఉంటాయి, చీలిక పైకి వచ్చి ఊటతో కలుస్తుంది. పైగా లోపలి మండలాల్లో కొన్ని గుంటలకు ఉప్పు బోరు నీటినే వాడతారు, కనుక రసాయన పరీక్షలో గుంట నీరు, అడుగు నీరు ఒకేలా కనిపించవచ్చు. డీఎన్‌ఏ అవసరమయ్యేది సరిగ్గా ఇక్కడే. ఒకే ఉప్పు ఉన్నా, ఎండలో మేత, మందులు, రొయ్యల విసర్జన కలిసిన గుంట నీటిలో పెరిగే జీవసమాజం వేరు, ఏళ్ల తరబడి చీకట్లో గాలి లేక ఉన్న పొరలోని సమాజం వేరు.

కాబట్టి చిత్రంలో స్పష్టంగా ఉన్న చోటుకే వెళ్లి నమూనా తీసే అలవాటును మానుకోవాలి. చిత్రం ఉప్పగా చూపిన చోట ఉప్పు జీవులు, తియ్యగా చూపిన చోట మంచినీటి జీవులు దొరికాయని చెప్పడం వల్ల కొత్తగా తెలిసేది ఏమీ లేదు. ఆ మాటను వాహకత మీటరు వంద రూపాయల పనిలోనే చెప్పింది. నేను సూచించేది ఇది: సందేహం లేని చోట్ల మూడు రకాల ఆధార నమూనాలు తీయండి, అంటే సముద్రపు నీరు, రొయ్యల గుంట నీరు, దూరపు మంచినీటి బావి. తర్వాత చిత్రంలో ఒకే విశిష్ట నిరోధం ఉన్నా కారణం ఏదో తేలని చోట్లను ఎంచుకోండి. ఆ చోట్ల జీవసమాజం దేనికి దగ్గరగా ఉందో చూడటమే ప్రయోగం. ఒక్కో వర్గానికి కనీసం మూడు బావులు ఉండాలి, ఒకే బావి నుంచి మూడు సీసాలు తీస్తే మూడు బావులు కావు.

ఐదవ అడుగు: నీరు తీయడం

బోరు గొట్టంలో నిలవ ఉన్న నీరు పొరలోని నీరు కాదు. గొట్టంలోని నీటి పరిమాణానికి మూడింతలు తోడేసి, వాహకత, పీహెచ్, ఉష్ణోగ్రత వరుస కొలతల్లో నిలకడగా వచ్చేవరకు ఆగాలి. అయితే తీరంలో ఎక్కువసేపు, ఎక్కువ వేగంతో తోడితే అడుగు ఉప్పునీరు పైకి లేస్తుంది. వాహకత నిలబడకుండా పెరుగుతూనే ఉంటే మోటారు వేగం తగ్గించాలి. దొరువులో అయితే పైపొరను కదపకుండా నీటిని నెమ్మదిగా లాగాలి.

నీటిని అక్కడే 0.22 మైక్రాన్ల ఫిల్టరు గుండా పంపాలి. తీరపు ఇసుక బావులకు 2 నుంచి 5 లీటర్లు సరిపోవచ్చు. ఫిల్టరు మూసుకుపోతే ఎన్ని లీటర్లు దాటాయో రాసుకుంటే చాలు. రైఫిల్ నీటిలో 0.2 మైక్రాన్ల ఫిల్టరును దాటిపోయేంత చిన్న బ్యాక్టీరియా ఉన్నట్టు 2015లో తేలింది. వాటిని కూడా పట్టుకోవాలంటే వెనుక 0.1 మైక్రాన్ల ఫిల్టరు పెట్టాలి, అయితే విద్యార్థి ప్రాజెక్టుకు అది తప్పనిసరి కాదు.

మే నెల ఎండలో ఫిల్టరును సంచిలో పెట్టుకుని తిరిగితే సాయంత్రానికి దానిలో పెరిగేది ఆ బావి సమాజం కాదు. డీఎన్‌ఏను నిలిపి ఉంచే ద్రావణాన్ని వెంటనే ఫిల్టరులో నింపి, ఐసు పెట్టెలో పెట్టాలి. రొయ్యలు ఎగుమతి చేసే ప్రాంతం కాబట్టి ఇక్కడ ఐసుకు కరువు లేదు. ఐసు కరిగిన నీటిలో ఫిల్టర్లు మునగకుండా రెండు కవర్లలో బిగించడమే జాగ్రత్త. ప్రయోగశాలకు చేరాక మైనస్ 20, వీలైతే మైనస్ 80 డిగ్రీల వద్ద భద్రపరచాలి.

భూగర్భజలంలో జీవులు తక్కువ. అంచేత మన చేతుల నుంచి, గొట్టాల నుంచి, డీఎన్‌ఏ కిట్టు నుంచి వచ్చే మలినం అసలు సంకేతాన్ని మింగేయగలదు. ప్రతి రోజూ శుద్ధి చేసిన నీటిని అదే గొట్టం, అదే పంపు ద్వారా ఫిల్టరు చేసి ఒక ఖాళీ నమూనాగా చివరి వరకు తీసుకుపోవాలి. ఇంకో ఖాళీ నమూనా డీఎన్‌ఏ వెలికితీసే దశలో ఉండాలి. ముందు మంచినీటి బావులు, తర్వాత ఉప్పు బావులు, చివర రొయ్యల గుంటలు అన్న వరుసలో తిరగాలి; గుంట నుంచి దొరువుకు వెళితే ఆ గొట్టం గుంటను వెంట తీసుకువెళుతుంది.

ప్రతి చోటా క్లోరైడు, సల్ఫేటు, నైట్రేటు, అమ్మోనియా, కరిగిన ఆక్సిజన్ కూడా కొలవాలి. ఇవి లేకుండా జీవుల పేర్లు మాత్రమే ఉంటే అర్థం చెప్పడం కష్టం.

ఆరవ అడుగు: ప్రయోగశాల

ఇక్కడ పెద్దగా ఆగనవసరం లేదు. సీక్వెన్సింగును, అంటే డీఎన్‌ఏ అక్షరాల వరుసను చదివే పనిని, బయటి ప్రయోగశాలలకు ఇవ్వవచ్చు, నిర్ణయాలు మాత్రం మనవే. వూజ్, ఫాక్స్ 1977లో జీవరాశుల వర్గీకరణకు వాడిన రైబోసోమ్ జన్యువు, అంటే 16ఎస్, ఇప్పటికీ మొదటి సాధనం. సుమారు 1,500 అక్షరాల ఆ జన్యువులో వీ4 అనే భాగాన్ని 515ఎఫ్, 806ఆర్ ప్రైమర్లతో (చదవాల్సిన భాగానికి అతుక్కునే చిన్న డీఎన్‌ఏ ముక్కలు) చదివితే బ్యాక్టీరియా, వాటికి వేరైన ఏకకణ జీవులు ఆర్కియా రెండూ దొరుకుతాయి. విశ్లేషణకు ఛైమ్ 2 (QIIME 2), డాడా2 సాఫ్ట్‌వేర్లు, సిల్వా డేటాబేసు ఉచితం.

16ఎస్ పేర్లను చెబుతుంది, పనిని చెప్పదు. అందువల్ల రెండు మూడు పని జన్యువులను క్వాంటిటేటివ్ పీసీఆర్‌తో లీటరుకు ఎన్ని ప్రతులో లెక్కించాలి: సల్ఫేటు క్షయీకరణకు డీఎస్ఆర్-బీ, మీథేన్ తయారీకి ఎంసీఆర్-ఏ, నైట్రేటు మార్గం చివరి మెట్టుకు నాస్-జెడ్. మొత్తం 16ఎస్ ప్రతులనూ లెక్కించాలి, ఎందుకంటే సీక్వెన్సింగు ఇచ్చేది వాటాలనే. ఒక జాతి వాటా పెరిగిందంటే అది పెరిగి ఉండవచ్చు, తక్కినవి తగ్గి ఉండవచ్చు. మొత్తం జీనోములను చదివే షాట్‌గన్ పద్ధతి ఖరీదైనది. తేలని చోట్లలో ఒకటి రెండు నమూనాలకు దానిని దాచుకోండి.

గుంట ఊటకు సాక్ష్యంగా ఏ జీవిని చూడాలన్నది ఈ తీరంలో ఆసక్తికరమైన ప్రశ్న. వనామి రొయ్యను దేశంలోకి 2009లో అనుమతించాక గుంటల సాగు రూపమే మారింది. సాగుదారులు ప్రోబయాటిక్ పేరిట బ్యాక్టీరియా అయిన బాసిల్లస్‌ను గుంటల్లో వేస్తారు, కానీ బాసిల్లస్ ప్రతి మట్టిలోనూ ఉంటుంది. బావిలో అది దొరికిందని ఊటకు రుజువు అనలేము. విబ్రియో బ్యాక్టీరియా సముద్రంలోనూ ఉంటుంది. రొయ్యల కాలేయ-క్లోమాన్ని పట్టే ఈహెచ్‌పీ పరాన్నజీవి డీఎన్‌ఏ గానీ, తెల్లమచ్చ వైరస్ డీఎన్‌ఏ గానీ, రొయ్య డీఎన్‌ఏ గానీ లోతు తక్కువ బావిలో దొరికితే అది వాటికంటే బలమైన సూచన. దొరకకపోతే ఊట లేదని అర్థం కాదు, ఇసుక వాటిని వడకట్టి ఉండవచ్చు. అందుకే ఏ ఒక్క జీవి మీదా ఆధారపడకుండా మొత్తం సమాజం పోలికను, అమ్మోనియా, నైట్రేటు కొలతలను కలిపి చూడాలి. ఇంకొకటి, చనిపోయిన కణాల డీఎన్‌ఏ కూడా నీటిలో కొంతకాలం నిలుస్తుంది. డీఎన్‌ఏ ఉండటం వేరు, ఆ జీవి ఇప్పుడు పని చేస్తుండటం వేరు.

డీఎన్‌ఏను గానీ నమూనాను గానీ విదేశీ సంస్థకు పంపదలిస్తే 2002 నాటి జీవవైవిధ్య చట్టం వర్తిస్తుంది. సూక్ష్మజీవులు కూడా ఆ చట్టం పరిధిలోనివే, చెన్నైలోని జాతీయ జీవవైవిధ్య ప్రాధికార సంస్థ నియమాలను ముందే చూసుకోవాలి.

ఏడవ అడుగు: రెండింటినీ ఒకే పట్టికలోకి తేవడం

ప్రతి నీటి నమూనాకూ ఒక విశిష్ట నిరోధం విలువ కావాలి. అది బావి ఉన్న చోట పైనుంచి కింది వరకు సగటు కాకూడదు. నీరు వచ్చే జాలీ గొట్టం లోతు దగ్గర చిత్రంలో ఉన్న గడుల సగటు కావాలి. బావి గీతకు 20 మీటర్ల అవతల ఉంటే ఆ విలువను వాడరాదు. నమ్మదగిన లోతు కింద ఉన్న విలువను కూడా వాడరాదు. ఈ జల్లెడ పట్టాక సగం నమూనాలే మిగలవచ్చు. ఆ సగంతోనే మాట్లాడాలి.

సీక్వెన్సు వాటాలను సెంటర్డ్ లాగ్ రేషియోగా (ప్రతి వాటాను ఆ నమూనా గుణోత్తర సగటుతో భాగించి లాగరిథం తీయడం) మార్చి, నమూనాల మధ్య దూరాలను లెక్కగట్టి, తేలని చోట్లు మూడు ఆధారాలలో దేని వైపు పడుతున్నాయో చూడాలి. పక్కపక్క బావులు సహజంగానే ఒకదానినొకటి పోలి ఉంటాయి. జీవసమాజం విశిష్ట నిరోధంతో పాటు మారిందని చెప్పే ముందు, అది కేవలం దూరంతో పాటు మారలేదని చూపాలి. భౌగోళిక దూరాన్ని లెక్కలో నిలిపి ఉంచి మిగిలిన సంబంధాన్ని పరీక్షించే పాక్షిక మాంటెల్ పరీక్ష మొదటి ప్రయత్నానికి సరిపోతుంది, అయితే పది పన్నెండు నమూనాలతో వచ్చిన పీ విలువను (ఆ సంబంధం యాదృచ్ఛికంగానే కనిపించే అవకాశాన్ని తెలిపే అంకె) గట్టిగా పట్టుకోవద్దు. నా దృష్టిలో అంతకంటే విలువైనది ఒక్కో తేలని చోటు గురించి రాసే పేరా: చిత్రంలో ఆకారం ఏమంటోంది, పోలరైజేషన్ ఏమంటోంది, రసాయనం ఏమంటోంది, డీఎన్‌ఏ ఏమంటోంది, ఎక్కడ ఒకదానితో ఒకటి విభేదిస్తున్నాయి. నాలుగూ ఒక్కమాట మీద ఉన్న చోట్లే ఊరివారికి చెప్పదగినవి.

పడమటి గట్టిరాతి నేలల్లో చేస్తే మారేవి

కనిగిరి, పొదిలి వైపు సమస్య ఉప్పు కాదు, ఫ్లోరైడు. తాగునీటిలో అది లీటరుకు 1.0 మిల్లీగ్రాము మించకూడదని, వేరే దారి లేనప్పుడు 1.5 వరకు ఒప్పుకోవచ్చని భారత ప్రమాణం. ఫ్లోరైడు రాతి ఖనిజాల నుంచి వస్తుంది కనుక డీఎన్‌ఏ దానికి మూలాన్ని చూపదు; ఈ మార్గదర్శిని ఆ ప్రశ్నకు యథాతథంగా వాడితే డబ్బు వృథా. అక్కడ అడగదగిన ప్రశ్న వేరు: పై మెత్తరాతి నీరు, కింది పగుళ్ల నీరు కలుస్తున్నాయా? గట్టిరాయి 1,000 ఓమ్-మీటర్లకు మించి చూపుతుంది, నీరున్న మెత్తరాయి అందులో చిన్న భాగం మాత్రమే. కాబట్టి నిలువు పగుళ్లకు డైపోల్-డైపోల్ అమరిక ఇక్కడ బాగుంటుంది. నమూనాలో చిక్కు ఉంది. కేసింగ్ లేని లోతైన బోరులో అన్ని పగుళ్ల నీరూ కలిసిపోతుంది, అందువల్ల ప్యాకర్లతో, అంటే బోరులో బిగించే బిరడాలతో, ఒక్కో పగులును విడిగా మూసి నీరు తీయగలిగితేనే లోతు గురించి మాట్లాడవచ్చు. రాతి పగుళ్లలో జీవులు మరీ తక్కువ కనుక 10 నుంచి 20 లీటర్ల వరకు ఫిల్టరు చేయాల్సి రావచ్చు. గట్టిరాతి లోతుల్లో జీవం ఉంటుందన్న దానిలో సందేహం లేదు: దక్షిణాఫ్రికాలోని బంగారు గనిలో 2.8 కిలోమీటర్ల లోతు నీటిలో దాదాపు ఒకే జాతితో నిండిన సమాజం ఉన్నట్టు 2008లో జీనోమ్ ద్వారా తేల్చారు, మన దేశంలో మహారాష్ట్రలోని కోయ్నా లోతు బావుల రాతి నమూనాల్లో కూడా సూక్ష్మజీవులను అధ్యయనం చేశారు.

జనవరిలో మళ్లీ

రెండవసారి కొలత మొదటిదానితో పోల్చదగినదిగా ఉండాలంటే మే నెలలోనే కొన్ని ఏర్పాట్లు కావాలి. మొదటి, చివరి ఎలక్ట్రోడ్ల చోట సిమెంటు రాళ్లు పాతి, వాటి జీపీఎస్ స్థానాలు రాసుకోవాలి. అదే అమరిక, అదే కొలతల క్రమం వాడాలి. రెండు చిత్రాలను విడివిడిగా తీసి పక్కన పెట్టి చూడటం కాకుండా, రెండింటినీ కలిపి తేడాను నేరుగా లెక్కించే ఇన్వర్షన్ చేయాలి. నేల ఉష్ణోగ్రత తేడాను సరిచేయాలి, లేకపోతే జనవరి చల్లదనమే మంచినీరు చేరినట్టు కనిపిస్తుంది. నీటి నమూనాలను అవే బావుల నుంచి, అదే కంపెనీ కిట్టుతో, వీలైతే అదే బ్యాచ్ కిట్టుతో తీయాలి. సీక్వెన్సులను ఫరీదాబాదులోని ఇండియన్ బయొలాజికల్ డేటా సెంటర్‌లో జమ చేసేటప్పుడు ప్రతి నమూనాకూ బావి లోతు, వాహకత, చిత్రం నుంచి తీసిన విశిష్ట నిరోధం మూడూ జతచేయాలి. బావి యజమాని పేరు మాత్రం జతచేయరాదు. వాహకత, నైట్రేటు విలువలను ఆ యజమానికి ఒక చీటీ మీద రాసి విడిగా ఇవ్వాలి.